ఇరవై ఏడు రోజులకు తిరిగొచ్చే గాలి

పోయిన వారం అల్లాదుర్గ్ నుంచి మెదక్ వస్తూ బస్సులో డ్రైవరు వెనక సీట్లో కూర్చున్నాను. అతని దగ్గర చిన్న రేడియో ఉంది. ఊరు దాటి కొంతదూరం రాగానే పాట తెగిపోయి, సుయ్ మంటూ గరగర మొదలైంది. అతను విసుక్కుని కట్టేయబోతుంటే, "ఉండనీ తమ్మీ, జరసేపు ఉండనీ" అన్నాను. "పాటే లేదు కద పెద్దాయనా, ఏం ఇంటవు?" అని అద్దంలో నా ముఖం చూశాడు. ఆ గరగర చెవిన పడితే నాకు కాగిన సీసం వాసన కూడా ముక్కుకు తగులుతుంది. ఆ వాసన వెనక, ముందుకు వంగి కుడిచెవి రేడియోకు ఆనించి, కళ్ళు మూసుకుని కూర్చున్న విఠల్ సాబ్ కనిపిస్తాడు. ఆయన మీకెవరికీ తెలియదు. మెదక్‌లో కూడా ఇప్పుడు తెలిసినవాళ్ళు నలుగురైదుగురు ఉంటారేమో.

నేను ముప్పై ఏళ్ళకు పైగా పోలీసు ఉద్యోగం చేశాను. అందులో ఎక్కువకాలం నిఘా పని. మామూలు చొక్కా, మామూలు ప్యాంటు వేసుకుని ఎవరింటికి ఎవరొస్తున్నారు, ఎవరు ఎవరితో మాట్లాడుతున్నారు అని చూసి రాసుకొచ్చి పైవాళ్ళకు ఇవ్వడం. ఆ పనికి నన్ను ఎవరూ తయారు చేయనక్కర లేకపోయింది. అనుమానం నాకు పుట్టుకతోనే వచ్చింది. ఎదురింటాయన నవ్వుతూ పలకరిస్తే, ఈయనకు నాతో ఏం పనిపడిందా అనుకునే రకం నేను. మా ఆవిడ కూరలో ఉప్పు తక్కువేస్తే, ఎవరి మీద కోపం నా మీద తీర్చుకుంటున్నదా అని రెండు పూటలు ఆలోచించేవాణ్ణి. నవ్వితే నవ్వండి గానీ ఈ గుణం వల్లనే నాకు రెండుసార్లు రివార్డు కూడా వచ్చింది. అందుకని అది గుణమో రోగమో తేల్చుకోవాలని నాకెన్నడూ తోచలేదు.

అవి పేపర్లన్నీ దేశం తలుపులు తెరుస్తున్నదని రాస్తున్న రోజులు. మెదక్‌లో అప్పటిదాకా ఖిల్లా, చర్చి శిఖరం తప్ప ఎత్తుగా కనిపించేది ఏదీ లేదు. ఇప్పుడు మిద్దెల మీద గొడుగు తిరగేసినట్టు డిష్ యాంటెనాలు లేస్తున్నాయి. ఊరంతా టీవీల వైపు పరుగెడుతుంటే రేడియో రిపేరు చేసేవాళ్ళ దుకాణాలు ఒక్కొక్కటే మూతపడ్డాయి. ఇంకోపక్క జిల్లాలో అన్నల కదలికలు ఎక్కువగా ఉండేవి. అన్నలంటే నక్సలైట్లు. ఎవరింట్లోనైనా తెలియని వైరు కనిపించినా, వైర్‌లెస్ లాంటిది ఉందని విన్నా మా పైవాళ్ళకు నిద్ర పట్టేది కాదు. ఒక్కసారి ఆ అనుమానంతో పట్టుకుపోయిన మనిషి తిరిగి వస్తాడో రాడో ఎవరూ చెప్పలేకపోయేవారు. నాకూ తెలుసు ఆ సంగతి.

అట్లాంటప్పుడు మా ఆఫీసుకు ఆకాశరామన్న ఉత్తరం ఒకటి వచ్చింది. ఫౌజు నుంచి, అంటే మిలిటరీ నుంచి రిటైరై వచ్చి రేడియోలు రిపేరు చేసే విఠలయ్య అనే ఆయన పాత బస్టాండు వెనక సందులో కిరాయికి ఉంటున్నాడనీ, మిద్దె మీద ఈ కొస నుంచి ఆ కొసకు రాగి వైరు కట్టాడనీ, రోజూ పొద్దుగూకే వేళ అర్థం కాని భాషలు విని ఏదో రాసుకుంటాడనీ అందులో ఉంది. మా సారు ఆ కాగితం నా ముందుకు తోసి, "పోచయ్యా, జర కన్నేసి ఉంచు. ఏమన్న ఉంటే ఎంబడే రాసియ్యి" అన్నాడు. నేను తలూపాను. ఉత్తరం రాసినవాడు ఎవడా అని కూడా అనుమానించాను గానీ అది నాకు అప్పజెప్పిన పని కాదు.

నా పద్ధతి నాకుంది. రెండు రోజులు ఆయనింటి ఎదురు హోటల్లో కాపు కాశాక, ఇంటికి వెళ్ళి మా ట్రాన్సిస్టరు వెనక మూత విప్పి లోపల ఒక వైరు పట్టి పీకేశాను. మర్నాడు దాన్ని సంచిలో వేసుకుని గిరాకీలాగా ఆయనింటికి పోయాను. దుకాణం లేదు, ముందరి గదే దుకాణం. సన్నగా, నిటారుగా ఉన్న మనిషి. తెల్ల మీసం. ఎడమచెవి ఫౌజులోనే మందగించిందట, మనం మాట్లాడుతుంటే తల తిప్పి కుడిచెవి మన వైపు పెట్టేవాడు. మూత విప్పి, అద్దాలు పైకి తోసి ఒక నిమిషం చూశాడు. వైరు కొస వేళ్ళతో పట్టుకుని, "ఇది దానంతట అది తెగలే తమ్మీ. ఎవరో గుంజిండ్రు. ఇగో, గోరు గీత గూడ ఉన్నది" అన్నాడు. ఇంట్లో పిల్లలు చేసి ఉంటారన్నాను. ఆయన నా వేళ్ళ వైపు, తర్వాత నా జుట్టు కత్తిరింపు వైపు చూసి, సీసం కాచి వైరు అతికించి నా చేతికి ఇచ్చాడు. "రెండు దినాలసంది ఎదురుంగ హోటల్ల కూసుంటున్నవు. ఆడ ఈగలు మస్తు. ఈడికే వచ్చి కూసో. నేను దాసిపెట్టేది ఏం లేదు" అన్నాడు. నా ఉద్యోగంలో ఎవరికీ అట్లా దొరికిపోలేదు నేను. సిగ్గు కంటే ముందు అనుమానమే వచ్చింది. ఇంత తెలివైనవాడు ఊరికే ఎందుకు పిలుస్తాడు?

అయినా పోయాను. పనే అది. విఠల్ సాబ్, ఆయన భార్య అనసూయక్క, ఇద్దరే ఆ ఇంట్లో. ఆమె నన్ను చూసి తల పంకించేది తప్ప ఎక్కువ మాట్లాడేది కాదు. నేను ఎవరో ఆమెకు చెప్పే ఉంటాడు. రోజూ సాయంత్రం ఆరున్నరకు ఆయన షార్ట్‌వేవ్‌లో యూరప్ నుంచి వచ్చే ఒక స్టేషన్ పట్టేవాడు. వార్తల కోసం కాదు. ఆ భాష ఆయనకూ రాదు. ఐదు నిమిషాలు విని నోటుబుక్కులో ఒక అంకె వేసి కట్టేసేవాడు. బాగా వినపడితే ఐదు, అసలు వినపడకపోతే ఒకటి. "భాష తెల్వనిది ఎందుకు ఇంటరు సాబ్?" అంటే, "మాటలు ఇంటలేను, దారి ఇంటున్న. అక్కడికెల్లి ఇక్కడిదాక దారి ఎట్లున్నదో సూస్తున్న" అన్నాడు. ఈ జవాబు నాకేమీ నచ్చలేదు. దారి చూస్తున్న అనే మాట మా డిపార్ట్‌మెంటులో ఎవరు విన్నా ఏమనుకుంటారో మీరే చెప్పండి.

గోడ మీద పెద్ద కాగితం ఒకటి అంటించి ఉండేది. దానిలో గళ్ళు. వరుసకు ఏడు ఉంటే వారం అనుకుందును, ముప్పై ఉంటే నెల అనుకుందును. లెక్కపెడితే వరుసకు ఇరవై ఏడు ఉన్నాయి. ఒకటి, రెండు అంకెలు పడ్డ రోజుల్లో గడి నిండా ఎర్ర పెన్సిలు పూశాడు. ఆ ఎర్ర గళ్ళు వరుస కింద వరుస, ఇంచుమించు ఒకే నిలువు గీతలో ఉన్నాయి. ఆయన నీళ్ళు తాగడానికి లోపలికి పోయినప్పుడు మూడు ఎర్ర గళ్ళ తేదీలు సిగరెట్ పెట్టె మీద రాసుకున్నాను. ఇరవై ఏడు అనగానే మన మనుషులకు తట్టేది ఒక్కటే కదా, నక్షత్రాలు. నేరుగా మాకు తెలిసిన పంతులు గారి దగ్గరికి పోయాను. ఆయన పంచాంగం తిరగేసి, వేలితో వెతికి, "మూడు దినాలూ మూలా నక్షత్రమే. ఎవరయ్యా ఈ మనిషి, ఏం చేస్తుండు?" అని నా వైపు అదోలా చూశాడు. క్షుద్రమో, ముహూర్తమో, ఏదో ఒకటి దొరికిందనుకున్నాను. అదే హుషారులో ఆ తేదీలు మా సారుకు చూపిస్తే ఆయన తన రిజిస్టరు తీసి, వాటిలో రెండు రోజులు జిల్లాలో ఎక్కడో ఏదో గొడవ జరిగినట్టు చూపించాడు. ఇద్దరం ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం.

ఆ వారమే విఠల్ సాబ్ నోట మాట ఒకటి వచ్చింది. గోడ మీది గళ్ళు వేలితో లెక్కపెట్టి, "వచ్చే బుధవారం మళ్ళ ఖరాబైతది సూడు" అన్నాడు, వాన గురించి చెప్పినంత మామూలుగా. గదిలో మేమిద్దరమే ఉన్నాం. నేను ఆఫీసుకు పోయి ఆ రోజు రిపోర్టులో ఒక ముక్క రాశాను. "రాబోయే తేదీ ఇతనికి ముందే తెలుసు." అబద్ధం ఒక్క అక్షరం లేదందులో. రాస్తున్నప్పుడు నా చేతిరాత కూడా మామూలు కంటే బాగా కుదిరింది. ఆ కాగితం పైకి పోయింది.

బుధవారం నాడు మా సారు బస్టాండు దగ్గర, కుల్చారం రోడ్డు మీద, చర్చి ముందు మనుషుల్ని పెట్టాడు. నన్ను విఠల్ సాబ్ ఇంట్లోనే కూర్చోమన్నాడు. పొద్దంతా ఏమీ జరగలేదు. ఒక మేకల మందను ఆపి వదిలేశారని తర్వాత తెలిసింది. ఆరున్నరకు ఆయన రేడియో పెట్టాడు. రోజూ గంటలా మోగే ఆ గొంతు ఆ రోజు నీళ్ళ అడుగు నుంచి వస్తున్నట్టు వణికింది, తేలింది, మునిగింది, చివరికి గరగరలో కలిసిపోయింది. ఆయన బుక్కులో ఒకటి వేసి నా వైపు చూశాడు. "ముల్లు మీరే తిప్పి ఉంటరు" అన్నాను. ఆయనకు కోపం రాలేదు. కుర్చీ నా వైపు జరిపి, "నువ్వు తిప్పు" అన్నాడు. తిప్పాను. ఏ మూల తిప్పినా స్టేషన్ లేదు. "రేడియో లోపల ఏమన్న చేసి ఉంటరు" అన్నాను. ఆ మాటకు లోపలి నుంచి అనసూయక్క పెద్దగా నిట్టూర్చింది. ఆయన మాత్రం, "మంచిగ అడిగినవు. గట్లనే అడగాలె. అయితే నీ రేడియోల నువ్వు ఇను. నీ ఇంటిమీద నువ్వే వైరు కట్టుకో. నీ బుక్కు నాకు సూపియ్యకు, నా బుక్కు నువ్వు సూడకు. రెండు తిరుగుళ్ళు అయినంక రెండు బుక్కులు పక్కపక్కన పెడ్దం" అన్నాడు.

రెండు తిరుగుళ్ళు ఏమిటని అడిగితే అప్పుడు చెప్పాడు. ఫౌజులో సిగ్నల్సులో ఉన్నప్పుడు నేర్చుకున్న సంగతి. "సూర్యుడు ఉత్త వెలుగే ఇస్తడనుకుంటం. కాదు. ఊదుతడు గూడ. గ్రహణం పట్టినప్పుడు సుట్టూ తెల్లగ జుట్టు లెక్క కనపడ్తది సూడు, ఆ పొర ఎంత కాగి ఉన్నదంటే సూర్యుడు గుంజి పట్టుకున్నా ఆగదు. పొంగి అన్ని దిక్కులకు పోతనే ఉంటది. దాన్నే సౌర పవనం అంటరు. మొదట్ల నిమ్మళంగ, దూరం పోయినకొద్ది జోరుగ."

నేను అక్కడ పట్టుకున్నాను. "ఏ గాలైన పోంగ పోంగ తగ్గుతది గని పెరుగుతదా సాబ్?"

"నాకు గూడ గదే అనుమానం వచ్చింది. మా ట్రెయినింగ్ సార్ని అడిగితే చెప్పిండు. సూర్యుడు ఎనకకు గుంజే బలం దూరం పోయినకొద్ది తగ్గుతది. ఎనక నుంచి నూకే వేడి మాత్రం అంత జల్ది తగ్గదు. గందుకు ఉరుకుడు పెరుగుతది." తర్వాత ఆయన కిటికీ బయటికి చూపించాడు, అటువైపు ఎక్కడో కుల్చారం చేలు ఉన్నట్టు. "కొత్తగ స్ప్రింక్లర్లు వచ్చినయి కదా, చేన్ల తిరుగుతయి. నువ్వు ఒక్కతాన నిలబడ్డవనుకో. ఆ గొట్టం నీ దిక్కు వచ్చినప్పుడే నువ్వు తడుస్తవు. అది సుట్టు తిరిగి మళ్ళ వచ్చేదాక పొడిగుంటవు. సూర్యుని మీద గూడ కొన్నితాన్ల నుంచి గాలి మస్తు జోరుగ వస్తది. సూర్యుడు తిరిగి తిరిగి అదే తావు మళ్ళ మన దిక్కు పెట్టేసరికి ఇరవై ఏడు దినాలు. వెలుగు ఎనిమిది నిమిషాలల్ల వస్తది. ఈ గాలికి మూడు నాలుగు దినాలు. వచ్చినంక మన మీద ఆకాశంల ఉన్న పొరలను కలెవెడ్తది. షార్ట్‌వేవు ఆ పొరకు తాకి కిందికి రావాలె కదా. దారి ఖరాబైతది."

"మీరు ఆ గాలిని సూసిండ్రా?"

"లేదు. అది చేసే పని సూసిన. గంతే."

నిజం చెప్పాలంటే నేను సగమే నమ్మాను. మిగిలిన సగం, ఇంత పెద్ద కథ అల్లినవాడు ఇంకెంత దాస్తున్నాడో అనే ఆలోచనే. కానీ వైరు మాత్రం కట్టాను. మా ఆవిడ బట్టలారేసుకునే తాడు అనుకుని దాని మీద చీర వేసింది, అది వేరే గొడవ. రోజూ ఆరున్నరకు విని, అంకె వేసి, బుక్కును బియ్యం డబ్బా వెనక దాచేవాణ్ణి. మా సారు ఫైనల్ రిపోర్టు ఏమైందని రెండుసార్లు అడిగాడు. జర టైం కావాలన్నాను. మూడోసారి అడిగినప్పుడు ఆయన గొంతు మారింది.

మొదటి తిరుగుడుకు నా రేడియో కూడా ఆ రోజే చచ్చింది. బుక్కులో ఒకటి వేశాను. రెండో తిరుగుడు రోజు రానే వచ్చింది. ఆరున్నరకు పెడితే స్టేషన్ గంటలా మోగుతున్నది. ఐదు. మర్నాడు కూడా ఐదే. నాకు ఎంత సంతోషం కలిగిందో చెప్పలేను. దొరికాడనుకున్నాను. బుక్కు చంకలో పెట్టుకుని పోయి, ఆయన బుక్కు ముందు తెరవమన్నాను. ఆయన తెరిచాడు. ఆ తేదీ ఎదురుగా ఐదు వేసి, పక్కన పెద్ద అక్షరాలతో ఎర్ర పెన్సిలుతో "తప్పింది" అని రాసుకున్నాడు. వెనక పేజీలు తిప్పితే అట్లాంటివి ఇంకా ఉన్నాయి. తప్పింది. రెండు దినాలు లేటు. తప్పింది. అబద్ధం చెప్పదలచుకున్నవాడు ఆ గడిలో రెండు వేసుకుంటే ఎవడు అడుగుతాడు?

"ఎందుకు తప్పింది?" అన్నాను.

"తెల్వదు. ఆ తావు మూసుకపోయిందేమో. గాలి జరిగి పక్క నుంచి పోయిందేమో. తెల్వదని రాసుకున్న." తర్వాత తల తిప్పి కుడిచెవి నా వైపు పెట్టి అడిగాడు. "నా మీద రాసే బుక్కు నీ దగ్గర ఇంకోటి ఉంటది కదా పోచయ్యా. దాంట్ల తప్పింది అని ఎక్కడన్న ఉన్నదా?"

ఆ సాయంత్రం ఇంటికి నడిచి వచ్చిన దారి నాకు గుర్తు లేదు. నా నిఘా బుక్కు ముందేసుకుని కూర్చున్నాను. అందులో మూడే తేదీలు ఉన్నాయి. గోడ మీద ఎర్ర గళ్ళు తొమ్మిది ఉన్నాయి. మిగిలిన ఆరు నేను రాసుకోలేదు. పంతులును మూడింటికే అడిగాను. మర్నాడు గోడ మీది మిగిలినవీ రాసుకుని పోయి అడిగితే ముందువి మూల కాదు, తర్వాతివి మూల కాదు. నక్షత్రం మెల్లగా జరిగిపోయింది. రిజిస్టరు తీసి చూస్తే తొమ్మిదిలో ఏడు రోజులు జిల్లాలో చీమ చిటుక్కుమనలేదు. గొడవలు జరిగిన రోజులేమో ఎక్కువ భాగం మామూలు గళ్ళలో పడ్డాయి. కలిసినవి రాశాను, కలవనివి వదిలేశాను. ఎవరూ నన్ను అట్లా రాయమనలేదు. రెండు రోజులు కూర్చుని అన్నీ రాశాను, రెండు వరుసలుగా. కలిసినవి ఒకవైపు, కలవనివి ఒకవైపు. ఈ మనిషి మీద అనుమానించడానికి ఏమీ లేదని చివర సంతకం పెట్టాను.

పొద్దున పది గంటలకు ఆ కాగితాలు పట్టుకుని ఆఫీసుకు పోతే మా సారు తల ఎత్తకుండా, "ఇగ అవసరం లేదు పోచయ్యా. నిన్న సాయంత్రమే పైనుంచి వచ్చి తీసుకపోయిండ్రు" అన్నాడు. ఎవరు, ఎక్కడికి అన్నది ఇక్కడ రాయలేను. నేను అడిగినా నాకు చెప్పలేదు. దేని మీద తీసుకుపోయారని మాత్రం అడిగాను. "నువ్వు రాసిన ముక్క మీదనే. తేదీ ముందే తెల్సు అని రాసినవు కదా" అన్నాడు. నా దగ్గరున్న కాగితాలు ఆయన బల్ల మీద పెట్టాను. చదవండి సార్, ఇప్పుడే పైకి పంపండి, లేకపోతే నేనే తీసుకుపోతానన్నాను. ఉద్యోగం మీద ఆశ లేదా అన్నాడు. ఆ క్షణంలో లేదు. అదొక్కటే నా జీవితంలో నేను ధైర్యంగా చేసిన పని, అది కూడా ఆలస్యంగా.

కాగితాలు పైకి పోయాయి, నాలుగో రోజు ఆయన్ను వదిలేశారు. బస్సు దిగి నడుచుకుంటూ వచ్చాడు. నిటారుగానే నడిచాడు. కుడిచెవి మీద కొట్టారు. ఇక ఆ చెవి పనిచేయలేదు. ఎడమచెవి దగ్గర గట్టిగా మాట్లాడితే మాట వినపడేది గానీ రేడియోలో ఆ సన్నటి వణుకు వినపడే అవకాశం లేదు. నేను ఇంటికి పోయినప్పుడు అనసూయక్క నా ముఖం చూడకుండా లోపలికి పోయింది. ఆయన రేడియో ముందే కూర్చుని ఉన్నాడు. చెయ్యి పట్టుకుని పక్కన కూర్చోబెట్టుకుని, "నాలుగు గళ్ళు ఖాళీగున్నయి. నీ బుక్కుల ఉన్నయా?" అని అడిగాడు. ఉన్నాయి. చూసి ఎక్కించుకున్నాడు. "ఇప్పటిసంది నువ్వు ఇని చెప్పు. నేను రాస్త" అన్నాడు.

నేను ఆయన ఎడమచెవి దగ్గర నోరు పెట్టి, "నేను అబద్ధం చెప్తే ఎట్ల సాబ్?" అన్నాను.

"చెప్పు. ఒకటి రెండు దినాలు నడుస్తది. ఇరవై ఏడు దినాలకు బయటపడ్తది" అని నవ్వాడు.

ఆ ముక్క రాసింది నేనే అని అప్పుడు చెప్పాల్సింది. నోటిదాకా వచ్చింది. ఆయన నవ్వుతున్నాడు, రేపు చెబుదాంలే అనుకున్నాను. తర్వాత ఆ రేపు జరుగుతూనే పోయింది. డ్యూటీ మీద ఊరు దాటిన రోజులు తప్ప, పద్దెనిమిదేళ్ళు ప్రతి సాయంత్రం పోయాను. నేను వినేవాణ్ణి, అంకె చెప్పేవాణ్ణి, ఆయన రాసేవాడు. ఎప్పుడైనా మూడా రెండా అని నేను తడబడితే, "తెల్వకపోతే తెల్వదను" అనేవాడు. ఆ స్టేషన్‌వాళ్ళు ఒకరోజు మా వైపు ప్రసారం ఆపేశారు. అప్పుడు కూడా ఆయన వారం రోజులు నన్ను వినమన్నాడు, ఆపేశారా లేక గాలి పనా అని తేల్చుకోవడానికి.

రాష్ట్రం కోసం కొట్లాట ఊరూరా రోడ్డెక్కిన రోజుల్లో నన్ను మళ్ళీ నిఘాకే వేశారు, ఈసారి కాలేజీ పిల్లల మీద. ఒక పిల్లవాడి బుక్కులో తేదీలు దొరికాయి. కొన్ని బంద్ రోజులతో కలిశాయి. నేను రెండు వరుసలూ రాశాను. కలవనివే ఎక్కువ తేలాయి. వాడు చెల్లెలి పరీక్ష తేదీలు రాసుకున్నాడు. పైవాళ్ళు నేను వకీలు పని చేస్తున్నానని వెక్కిరించారు. ఆ మాట చెబితే విఠల్ సాబ్ చాలాసేపు నా వైపే చూశాడు. ఇంకేదో చెబుతానని ఎదురుచూస్తున్నట్టు అనిపించింది. నేను లేచి వచ్చేశాను. ఆ మరుసటి చలికాలం ఆయన పోయాడు.

రాష్ట్రం వచ్చింది, నేను రిటైరయ్యాను. ఇక సాకు చెప్పుకోవడానికి ఉద్యోగం కూడా లేదు. ఒకరోజు పగటి పూట అనసూయక్క దగ్గరికి పోయాను. వాకిట్లో చాప మీద కూర్చుని చిక్కుడుకాయల ఈనెలు తీస్తున్నది. ఎదురుగా కూర్చుని చెప్పేశాను. సాబ్‌ను తీసుకపోయింది నేను రాసిన ముక్క మీదనే అక్కా అని. ఆమె చేతులు ఆగలేదు.

"నాకు తెల్సు" అన్నది.

"ఎట్ల తెల్సు?"

"అక్కడ ఆయనకు సదివి ఇనిపించిండ్రట, తేదీ ఇతనికి ముందే తెల్సు అని. బుధవారం ముచ్చట నీ ముంగట తప్ప ఎవ్వల ముంగట చెప్పలేదాయె. ఇంటికొచ్చిన దినమే నాకు చెప్పిండు."

"మరి నన్ను ఇంట్లకు ఎట్ల రానిచ్చిండ్రు?"

"నేనైతే రానియ్యొద్దన్న. ఆయన ఇనలే. వాడే చెప్తడు, జర ఓపిక పట్టు అన్నడు. నువ్వు వాకిట్ల చెప్పులు ఇడిసినప్పుడల్ల నా దిక్కు సూసెటోడు, ఇయ్యాల చెప్తడేమో అని. పోయేముందటి దినం గూడ, పోచయ్య వచ్చిండా అని అడిగిండు." కాయల గిన్నె తీసుకుని లేచింది. "నువ్వు ఇప్పుడొచ్చి నాకు చెప్తున్నవు. నేనేం చేసుకుంట తమ్మీ ఈ మాట?" అని లోపలికి పోయింది.

ఊరంతటినీ అనుమానించిన నాకు, ఆయనకు తెలిసి ఉంటుందన్న అనుమానం పద్దెనిమిదేళ్ళలో ఒక్కరోజు రాలేదు. అనసూయక్క నన్ను మాఫ్ చేసిందా అని అడగలేదు. అడగను కూడా. ఇప్పుడు కూడా నెలకోసారి మందులు తెచ్చిచ్చే పని మీద ఆ ఇంటికి పోతాను. వాకిట్లో చెప్పులు విడిచేటప్పుడు, లోపల ఎవరూ తల తిప్పి చూడరని తెలిసినా, కాసేపు అక్కడే నిలబడతాను.